చేతికిచ్చిన చుక్క

వెల్డా క్రెనెక్ ఎర్ర శాటిన్ తొడుగు కుట్లు బ్లేడుతో విప్పుతోంది. రెండు పక్కలా నక్షత్రంలాంటి చుక్క కుట్టిన ఆ తొడుగు హెల్మెట్ మీద ఉన్న పిల్లకే రోలర్ డెర్బీ ఆటలో పాయింట్లు. అది ఊడిందా, చక్రాల బూట్లతో ఎంతమందిని దాటినా సున్నాయే.

పోయిన శనివారం ఫైనల్లో ఊడింది.

ఆస్టిన్‌లో లారీ సీట్లు కుట్టి బతికిన మనిషి వెల్డా. నున్నటి హెల్మెట్ మీద సాగే గుడ్డ తప్ప మరోటి నిలవదని ఆమెకు తెలియనిది కాదు. అయినా దీపాల కింద మెరవాలని, ఎవరు కుట్టారని జనం అడగాలని, జట్టు తొడుగుకు శాటిన్ పట్టుకొచ్చింది. ఆట ముగిసే ముందు ఆ తొడుగు పెట్టుకున్న హిమేనా అడ్డొచ్చిన వాళ్ళను తోసుకుంటూ దూసుకుపోతుంటే తొడుగు జారి కింద పడింది. వెనక్కి వచ్చి అందుకునేలోగా ఈల మోగింది. రెండు పాయింట్ల తేడాతో కప్పు పోయింది.

ఎవరూ ఒక్క మాట అనలేదు. అనుంటే బాగుండేది. ఆట అయ్యాక రెండు జట్లూ కలిసి బీరు తాగేచోట హిమేనాయే ఆమెకు మాంసం ప్లేటు తెచ్చి పెట్టింది. వెల్డా ఆ ప్లేటు అలాగే వదిలేసి ఇంటికి వెళ్ళిపోయింది.

ఇప్పుడు సాగే గుడ్డ కత్తిరించింది. దారం కూడా గుడ్డతోపాటు సాగేలా వంకర కుట్టు వేసింది. పాత హెల్మెట్‌కు తొడిగి, చెమట బదులు నీళ్ళు చల్లి, అరచేత్తో నాలుగు దెబ్బలు కొట్టింది. కదల్లేదు.

ప్రాక్టీసు వేళకు వెనక తలుపు నుంచి వెళ్ళి, తొడుగు బల్ల మీద పెట్టి వెనుదిరిగింది.

"ఏంటి మిస్ వెల్డా, దొంగలా వచ్చిపోతున్నారు?" అంది కెప్టెన్ డాటీ. "ఈసారి జరీ అంచు వేయలేదు కదా?"

పిల్లలు నవ్వారు. వెల్డా తలుపు వైపు అడుగు వేసింది.

హిమేనా చక్రాల మీద జారుకుంటూ వచ్చి దారికి అడ్డం నిలబడింది. "బల్ల మీద పెడితే చెల్లదండీ. మా ఆటలో చుక్క చేతి నుంచి చేతికే మారాలి. విసిరినా తప్పే."

"ఆ శాటిన్ నీ కోసం కాదమ్మా. నా గొప్ప కోసం."

"తెలుసు. మెరిసింది కూడా. ఇవ్వండి."

వెల్డా తలెత్తలేదు. బల్ల మీంచి తొడుగు తీసి చెమట పట్టిన హిమేనా అరచేతిలో పెట్టి, వేళ్ళు మూసుకునేదాకా వదల్లేదు.