బామ్మ పడిపోయిన షాట్

పరిశ్రమలో ఆయన్ని అందరూ కత్తెర అనే పిలుస్తారు. ఫిల్ము ముక్కల్ని చేత్తో కోసి అతికించే రోజుల్లో సినిమా ఎడిటింగ్ నేర్చుకున్నాడు. కంప్యూటర్లొస్తే ఆ విద్యా పట్టేశాడు. సబ్బుల ప్రకటనలు, వార్తలు, పాటల పోటీలు, ఏది అప్పగించినా చెడగొట్టిన పాపాన పోలేదు.

చివరికి, తలరాత, టీవీ సీరియల్ పాలబడ్డాడు. చెంపదెబ్బ ఒకటే, చూపించడం మాత్రం మూడుసార్లు. ఆపైన ఇంటిల్లిపాది మొహాలూ వరసగా చూపించాలి, వంటమనిషితో సహా. అక్కర్లేనిది తీసెయ్యడమే జీవితమంతా నేర్చుకున్నవాణ్ణి అక్కర్లేనిదంతా కుక్కమంటే ఒళ్లు మండదూ?

"రోత పుడుతోందే" అనేవాడు ఇంటికొచ్చి.

"మీకు రోతైతే మానెయ్యండి. నేను మాత్రం బామ్మ కోసం చూస్తాను" అనేది భార్య.

బామ్మంటే ఆ సీరియల్లో బామ్మ వేషం వేసే పెద్దావిడ. షూటింగు మధ్యలో కాస్త నడుం వాల్చడానికి ఎడిటింగ్ గదిలోకి వచ్చేది. "నాయనా, నా మొహం మరీ దగ్గరగా చూపించకు. జనం ముడతలు లెక్కపెడతారు" అని నవ్వేది. ఆ కొంపలో కత్తెరకు అసహ్యం వెయ్యని మనిషి ఆవిడొక్కతే.

ఒకరోజు సీన్లో మెట్లు దిగుతూ ఆవిడ నిజంగానే కుప్పకూలింది. కెమెరా నడుస్తూనే ఉంది. మర్నాడు ఆసుపత్రిలో పోయింది.

ఆ రోజు తీసినదంతా కత్తెర ముందుకే వచ్చింది. ఆవిడ చెయ్యి మెట్ల రెయిలింగు మీంచి జారి, మళ్లీ దానికోసం గాల్లో వెతుక్కుంది, దొరకలేదు. కత్తెర కళ్లలో నీళ్లు తిరిగాయి. వేళ్లు మాత్రం వాటి పని అవి చేసుకుపోయాయి. షాట్ ఎక్కడ మొదలవ్వాలో, ఎక్కడ ఆగాలో ఎడిటర్ ముందే గుర్తులు పెట్టుకుంటాడు. చెయ్యి జారినచోట ఒకటి, తల నేలకు తగిలినచోట ఒకటి, పడనే పడ్డాయి. ఛీ, ఇవీ ఒక వేళ్లేనా అనుకున్నాడు.

ఎప్పుడొచ్చాడో, నిర్మాత వెనకే నిలబడి ఉన్నాడు.

"అబ్బ! ఏం వచ్చింది మాస్టారూ! ఎలాగూ బామ్మ పాత్రని చంపెయ్యాలిగా. ఇదే వాడేద్దాం."

"అది నటన కాదండీ. ప్రాణం పోతోందక్కడ."

"అందుకేగా అంత బాగా వచ్చింది!"

శవాల మీద పేలాలు ఏరుకోవడమంటే ఏమిటో కత్తెర కళ్లారా చూశాడు. "ఇది నా చేత్తో చెయ్యను" అని కళ్లజోడు తీసుకుని, తలుపు ధడాల్న వేసి బయటపడ్డాడు. ఇన్నేళ్లలో ఒక పని చెయ్యనని చెప్పడం అదే మొదలు. దారంతా తలెత్తుకుని నడిచాడు. ఉద్యోగం మానేశానన్నాడు గానీ, ఎందుకు మానేశాడో ఇంట్లో చెప్పడానికి నోరు రాలేదు.

వారం తిరక్కుండానే ఒక సాయంత్రం భార్య కేకేసింది. "ఏవండీ, త్వరగా రండి, బామ్మ!"

టీవీలో బామ్మ మెట్లు దిగుతోంది. చెయ్యి జారినచోటే షాట్ మొదలైంది. తల తగిలినచోటే ఆగింది. కోపంలో లేచొచ్చేసిన పెద్దమనిషి ఆ గుర్తులు చెరిపి రావడం మరిచిపోయాడు. కొత్తగా వచ్చిన ఎడిటరు బుర్ర పాడుచేసుకోకుండా ఈ గుర్తు నుంచి ఆ గుర్తు దాకా కోసి పెట్టాడు. దీన్ని మూడుసార్లు చూపించే అవసరం కూడా రాలేదు.

భార్య కొంగుతో కళ్లొత్తుకుంది.

"ఎంత బాగా చేసిందో మహాతల్లి! కట్ చేసినవాడు కూడా సామాన్యుడు కాదండీ. ఒక్క క్షణం ఎక్కువా లేదు, తక్కువా లేదు. అచ్చం మీ చెయ్యే."