మా వదిన చేత్తో నా డిగ్రీ

నేను డిగ్రీ పాసయ్యాను.

ఈ మాట ఇప్పటికే నాంపల్లి స్టేషన్ ఎదురుగా చాయ్ పోసే ఆయనకి చెప్పాను. ఆబిడ్స్‌లో చెప్పులు కుట్టే ఆయనకి చెప్పాను. అడక్కపోయినా బస్ కండక్టరుకి చెప్పాను. రాంగ్ నంబరు కలిసిన ఒకావిడకి కూడా చెప్పేశాను. ఆవిడ పాపం, "సంతోషమమ్మా, మా గ్యాస్ సిలిండర్ ఎప్పుడొస్తది మరి?" అని అడిగింది. మీకింకా చెప్పలేదు కాబట్టి ఎడమచేతి బొటనవేలితో ఫోన్లో ఒక్కో అక్షరం నొక్కి చెబుతున్నాను. మా నాన్న గౌలిగూడ బస్టాండులో మూటలు మోసేవాడు. మా అమ్మ వేలిముద్ర వేసేది. అటు ఏడు తరాలు వెతికినా డిగ్రీని ముట్టుకున్న మొదటి మనిషిని నేనే. అదీ నలభై దాటాక, పక్షవాతం వచ్చాక.

ముట్టుకున్నానంటే పూర్తిగా నిజం కాదు. పరీక్ష రాసిన చెయ్యి నాది కాదు, మా వదినది.

వదినంటే మా ఆయన అక్క. నాంపల్లిలో మేం కింద పోర్షన్లో ఉంటాం, ఆవిడ పైగదిలో ఉంటుంది. ఆవిడ ఇంటర్ పాస్. ఈ సంగతి ఆవిడని కలిసిన వాళ్లకి ఆవిడ పేరు కన్నా ముందు తెలుస్తుంది. రేషన్ షాపులో తగువొచ్చినా, కూరగాయల బండి దగ్గర బేరం కుదరకపోయినా "నేను ఆ కాలంలనే ఇంటర్ పాస్" అని మొదలుపెడుతుంది. నేను పెళ్లై వచ్చినప్పుడు నాది పదో తరగతి. తర్వాత ప్రైవేటుగా ఇంటర్ కట్టాను, ఆవిడ ఏమీ అనలేదు. దూరవిద్యలో డిగ్రీ కట్టిన రోజు మాత్రం మెట్ల మీంచి వంగి అడిగింది.

"ఏందే మర్దలా, నన్ను దాటి పోతవా ఏంది?"

"నీ ఆశీర్వాదం ఉంటే పోత వదినా."

"పో పో. సోకులకేం తక్కువ లేదు."

పోయాను. ఒక్క సబ్జెక్టు తప్ప అన్నీ అయ్యాయి. ఆ మిగిలిన సోషియాలజీ కూడా రాసేద్దామనుకుంటుండగా పక్షవాతం వచ్చింది.

నేను ఆబిడ్స్ సందులో ఒక మ్యాచింగ్ సెంటర్లో పనిచేసేదాన్ని. చీరకి సరిపోయే జాకెట్ ముక్క వెతికివ్వడం నా పని. ఆ రోజు ఒకావిడ చిలకపచ్చ చీర తెచ్చింది. పై అరలోంచి జాకెట్ గుడ్డ థాను లాగితే చేతిలోంచి జారిపోయింది. మళ్లీ లాగుదామంటే చెయ్యి లేవదు. "ఒక్క నిమిషమమ్మా" అన్నాననుకున్నాను. నా నోట్లోంచి ఏం వచ్చిందో నాకిప్పటికీ తెలీదు కానీ ఆవిడ మా ఓనరుతో "మీ సేల్స్ ఆమెకి పొగరు బాగున్నది, మూతి తిప్పుతున్నది చూడున్రి" అంది. ఆవిడ కంప్లయింట్ చేయబట్టే ఓనరు నా మూతి వైపు చూశారు. చూసి ఆటో పిలిచారు. టైముకి దవాఖానకి చేరడం వల్లే ఈ మాత్రం మిగిలానని డాక్టర్లు చెప్పారు. ఆవిడెవరో తెలిస్తే చిలకపచ్చ జాకెట్ నేనే కుట్టించి ఇస్తాను.

ఈ మాత్రం మిగిలానంటే ఎంత మాత్రం అని అడుగుతారు జనం. కుడికాలు నడుస్తుంది గానీ దాని చెప్పు దాని ఇష్టం. ఆబిడ్స్ సిగ్నల్ దగ్గర రోడ్డు దాటాక చూసుకుంటే నేను ఇటు, చెప్పు నడిరోడ్డు మీద. బస్సు ఆపి డ్రైవరు కిటికీలోంచి "అమ్మా, నీ చెప్పు గూడ టికెట్ కొన్నదా?" అన్నాడు. కుడిచెయ్యి పళ్లెం పట్టుకుంటుంది, పెన్ను పట్టుకోదు. మాట వస్తుంది, కాకపోతే నిదానంగా. ఎదుటివాళ్లు నా వాక్యాలు పూర్తిచేసేస్తారు, అదీ తప్పుగా. మధ్యాహ్నమయ్యేసరికి ఒంట్లో ప్లగ్గు పీకినట్టు అలసట.

అన్నిటికన్నా పెద్ద ఇబ్బంది నవ్వు. మెదడులో నవ్వునీ ఏడుపునీ ఆపే చోట దెబ్బ తగిలితే అవి మనల్ని అడక్కుండానే వచ్చేస్తాయట. మా గల్లీలో ఒక పెద్దాయన పోతే పరామర్శకి వెళ్లాం. ఆయన భార్య పక్కన కూచున్నాను. మనసులో నిజంగా బాధే. నోట్లోంచి మాత్రం నవ్వు, అదీ కిసకిసా. చప్పున మా వదిన తన కొంగు నా మొహం మీద కప్పి తల నొక్కిపట్టింది. భుజాలు ఎగిరెగిరి పడుతుంటే అందరూ ఏడుస్తున్నాననుకున్నారు. ఆ పెద్దావిడ నన్ను కావలించుకుని "నువ్వొక్కదానివే బిడ్డా, ఆయన కోసం గిట్ల ఏడ్సింది" అంది. దాంతో ఇంకా ఎక్కువైంది. ఇంటికొచ్చాక వదిన నా మీద పడింది.

"రేపు నేను పోతే గూడ గిట్లనే నవ్వుతవా?"

"అప్పుడు కొంగు ఎవరు కప్తరు వదినా?"

"సిగ్గులేని ముండ" అని ఆవిడే నవ్వింది.

సరే, పరీక్ష. నా రిజిస్ట్రేషన్ గడువు అయిపోవచ్చింది. ఈసారి రాయకపోతే అన్ని సబ్జెక్టులూ మళ్లీ మొదటినుంచి కట్టుకోవాలి. మళ్లీ మొదటినుంచి చదివేంత మెదడు నాకు మిగల్లేదని నాకు తెలుసు. ఏదైనా ఈ ఒక్కసారే.

చెయ్యి పనిచెయ్యని వాళ్లు ఇంకొకరితో రాయించుకోవచ్చు, విడిగా గది ఇస్తారు, టైము కొంచెం ఎక్కువిస్తారు. కాకపోతే రాసిపెట్టే మనిషి చదువు మనం రాసే పరీక్షకన్నా తక్కువుండాలి. ఆఫీసులో ఈ మాట చెప్పగానే ఇదేం పెద్ద పని అనుకున్నాను. వెతకడం మొదలుపెట్టాక తెలిసింది మా గల్లీ ఎంత ఎదిగిపోయిందో. ఇస్త్రీ బండాయన కూతురు ఎమ్మెస్సీ. పాలప్యాకెట్లు వేసే అబ్బాయి బీటెక్. మా ఆయన ఆరో తరగతితో ఆపాడు గానీ ఆయన రాసిన కిరాణా చీటీ ఆయనే చదవలేడు. తక్కువ చదివి, మంచి దస్తూరీ ఉండి, మూడు గంటలు కూచోగలిగిన మనిషి నాంపల్లి మొత్తంలో ఒక్కరే దొరికారు.

"నేనా? నీకు గుమస్తా పని చెయ్యాల్నా నేను?" అంది వదిన.

"నీ దస్తూరీ ముత్యాల లెక్కుంటది గద."

"ఉంటది" అని కొంగు సర్దుకుంది. "ఇంటర్ల మా లెక్చరర్ గూడ గదే అన్నది."

కోఠిలో ఉన్న పరీక్షా కేంద్రానికి ఆవిడ సర్టిఫికెట్ పట్టుకుని ఇద్దరం వెళ్లాం. అక్కడి గుమస్తా దాన్ని అటూ ఇటూ తిప్పి, "అమ్మా, దీని మీద ఇంకేం చదువలేదు గదా? పక్కానా?" అని అడిగాడు.

"చదువలే."

"డిగ్రీ గిట్ల కట్టి ఇడిసిపెట్టింది కూడ లేదు గదా?"

"లేదయ్యా."

"మంచిది. తక్కువనే ఉన్నరు, నడుస్తది."

బస్టాపు దాకా వదిన సర్టిఫికెట్ చంకలో పెట్టుకుని విసవిసా నడిచింది. అక్కడ నిలబడి అప్పుడు పేలింది. "నా జన్మల నన్ను గింత మాట ఎవడనలే! తక్కువనే ఉన్నరంట! నడుస్తదంట!" నాకు నవ్వు మొదలైంది. అది జబ్బు నవ్వు కాదు, అసలు నవ్వే. ఆవిడకి రెండిటికీ తేడా తెలుసు. బస్సు వచ్చినా నన్ను పట్టుకుని ఎక్కించకుండా తాను ముందు ఎక్కేసింది.

ఇంట్లో రోజూ ప్రాక్టీసు. నేను చెప్పాలి, ఆవిడ రాయాలి. పుస్తకం ముందు మా ఇద్దరి తగువులు చూసి మా ఆయన అన్నం తన గదిలోకి తెచ్చుకుని తినేవాడు.

"సమాజం అంటే మనుషుల మధ్య ఉండే సంబంధాల అల్లిక" అంటాను నేను, మాటకీ మాటకీ మధ్య ఆగుతూ.

"గిది చదవనీకె మూడేండ్లు పట్టిందా నీకు? గల్లీల నిలవడితె తెలుస్తది."

"రాయి వదినా."

"రాస్తున్న. అల్లిక అనేటిది బాగలేదు, జడ లెక్కున్నది. వేరే మాట చెప్పు."

వేరే మాట అంత తొందరగా నాకెక్కడినుంచి వస్తుంది? ఉన్న మాటే నానా తంటాలు పడి తెచ్చాను. కళ్లనీళ్లు వచ్చేశాయి. అవీ జబ్బువో, అసలువో ఆవిడకి తెలిసే ఉంటుంది. "అల్లిక" అని రాసి, కింద రెండు గీతలు గీసింది.

పరీక్ష రోజు మాకు ఒక చిన్న గది ఇచ్చారు. రిటైరవ్వబోతున్న ఒక సారు ఇన్విజిలేటరుగా కూచున్నారు. మొదటి ప్రశ్నలు బాగానే పోయాయి. ఆవిడ ప్రతి హెడ్డింగు కిందా స్కేలు పెట్టి గీతలు గీస్తుంటే టైము పోతోందని చెబుదామనుకున్నాను గానీ ఏమైనా అంటే గీతలు మూడవుతాయని ఊరుకున్నాను.

తర్వాత పెద్ద ప్రశ్న. ఉమ్మడి కుటుంబంలో సంఘర్షణలకు కారణాలు వివరించండి.

చదివి ఇద్దరం ఒకరి మొహం ఒకరం చూసుకున్నాం. ఆస్తి పంపకాలు అన్నాను, రాసింది. ఆదాయాల్లో తేడా అన్నాను, రాసింది. మూడోది చెప్పక తప్పదు, పుస్తకంలో ఉంది.

"భర్త... అక్కచెల్లెళ్ల... జోక్యం."

పెన్ను ఆగింది.

"గిది పుస్తకంల ఉన్నదా, నీ కడుపుల ఉన్నదా?"

"అమ్మా, మీరు మాట్లాడకూడదు. ఆవిడ చెప్పింది రాయడమే మీ పని" అన్నారు సారు.

"మీరే చెప్పున్రి సార్! నన్నే తిడుతున్నది, నాతోనే రాయిస్తున్నది! గిట్ల ఎక్కడన్న ఉంటదా?"

సారు కళ్లద్దాలు తీశారు. "మీరు ఆవిడకి ఏమవుతారు?"

"ఆడబిడ్డను!"

ఆయన కళ్లద్దాలు మళ్లీ పెట్టుకుని కిటికీ వైపు తిరిగారు. ఆయన భుజాలు కదిలినట్టు అనిపించింది. అంతే, నాకు నవ్వు వచ్చేసింది. మొదట అసలు నవ్వే, తర్వాత అది జబ్బు చేతికి పోయింది. ఆపుదామంటే ఆగదు. ఒక్క మాట బయటికి రాదు. గోడ మీది గడియారం మాత్రం ఆగకుండా నడుస్తోంది. ఇంకో పెద్ద ప్రశ్న మిగిలే ఉంది. నవ్వుతూనే కళ్లలోంచి నీళ్లు కారుతున్నాయి. ఈ నవ్వు ఆగేలోపు నా డిగ్రీ అయిపోతుంది అనుకున్నాను.

వదిన పెన్ను కింద పెట్టింది. కుర్చీ నా ముందుకి జరుపుకుంది.

"ఊదు. వేడి చాయ్ ఊదినట్టు ఊదు. నిదానంగ."

"అమ్మా, మాట్లాడకూడదని చెప్పాను" అన్నారు సారు కంగారుగా.

"సార్, నేను జవాబు చెప్తలేను, ఊపిరి తీసుకొమ్మంటున్న. గిది గూడ సిలబస్సేనా?" నా వైపు తిరిగింది. "ఊదు. ఇంకోపాలి. నడుం నిటారుగ పెట్టు. నా దిక్కు చూడకు, గోడ దిక్కు చూడు."

గోడ మీద ఏవో ఎముకల బొమ్మలున్న చార్టు. దాన్ని చూస్తూ ఊదాను. ఊదగా ఊదగా నవ్వు సన్నబడి, ఎక్కిళ్లలా మారి, ఆగింది. వదిన పెన్ను తీసుకుంది.

"మూడు. భర్త అక్కచెల్లెళ్ల జోక్యం. రాస్తున్న చూడు, మంచిగ చూసుకో. ఇంక చెప్పు. గట్టిగనే చెప్పు, నాకేం భయం లేదు."

చెప్పాను. వంటింటి పెత్తనం గురించి, కోడళ్ల మాట చెల్లకపోవడం గురించి, అన్నీ. ఆవిడ ముక్కుపుటాలు ఎగరేస్తూనే రాసింది. ఆఖరి ప్రశ్నకి గీతలు గియ్యడం మానేసింది. వేళ్లు విరుచుకుంటూ, విదిలించుకుంటూ రాసింది. సారు పేపరు లాక్కునేసరికి ఆఖరి వాక్యానికి చుక్క పెడుతోంది.

ఫలితం ఫోన్లో మా ఆయన చూశాడు. ఏదో గట్టెక్కించే మార్కులు కావు, ఇంతకుముందు ఏ సబ్జెక్టులోనూ నాకు రానన్ని మార్కులు. నేను కేక వేసేలోపే వదిన మెట్లు దిగి వీధిలోకి వెళ్లిపోయింది. "మేం డిగ్రీ పాసైనం!" అని గల్లీ అంతా వినిపించింది. సాయంత్రం ఎమ్మెస్సీ అమ్మాయి వచ్చి మా వదినకే షేక్‌హ్యాండ్ ఇచ్చింది. ఆవిడ కాదనలేదు.

రాత్రి మిఠాయి డబ్బా మధ్యలో పెట్టుకుని కూచున్నప్పుడు నాకు అనుమానం వచ్చింది.

"వదినా, నిజం చెప్పు. నేను చెప్పింది మొత్తం రాసినవా?"

"ఒక్క ముక్క ఇడువలే. నీ మీదొట్టు."

"మరి గన్ని మార్కులెట్ల వచ్చినయ్?"

ఆవిడ జిలేబీ విరిచి నోట్లో వేసుకుని తీరిగ్గా నమిలింది. "నువ్వు చెప్పినయ్ అయిపోయినంక మర్దళ్ల గురించి ఒక పాయింట్ పెట్టిన. సారు మళ్ల కిటికీ దిక్కు తిరిగినప్పుడు."

"ఏమని పెట్టినవ్?"

"చెప్ప."

"వదినా!"

"డిగ్రీ చదివినవ్ గద, నువ్వే ఆలోచించుకో."

బతిమాలాను, బెదిరించాను, డబ్బా దాచేశాను. చెప్పలేదు. ఇప్పటికీ చెప్పడం లేదు. ఇది చదివి ఎవరూ నా డిగ్రీ వెనక్కి అడగరనే ధైర్యంతో రాస్తున్నాను. ఆ పేపరు దిద్దినవాళ్లెవరో గానీ, ఒకే దస్తూరీలో వదినా మరదళ్ల తగువు మొత్తం చదివి, ఇద్దరిదీ న్యాయమేనని మార్కులు వేసినట్టున్నారు. అందులో ఆవిడ వాటా ఎంతో ఎలాగూ తేలదు. నిన్న ఆవిడే ఎం.ఎ. అప్లికేషన్ తెచ్చి నా ముందు పడేసింది. నా పేరు ఆవిడే రాసేసింది, కింద రెండు గీతలు కూడా గీసింది.