నాలుగు నిమిషాల ఆలస్యం

కోవిడ్ తగ్గి మ్యూజియంలు మళ్ళీ తెరుచుకున్న ఏడాది, షికాగోలో ఒక ఆర్ట్ మ్యూజియం నన్ను మీడియా టెక్నీషియన్‌గా తీసుకుంది. బొమ్మలు తగిలించడం వేరేవాళ్ళ పని. కరెంటుతో నడిచే కళ అంతా నాది. అంతకుముందు చాలా ఏళ్ళు టీవీ లైవ్ ప్రసారాల్లో పనిచేశాను. అక్కడ దృశ్యం ఒక్క క్షణం వెనకబడినా సంజాయిషీ ఇచ్చుకోవాలి. ఇక్కడ నాకిచ్చిన మొదటి పని, దృశ్యాన్ని కావాలని నాలుగు నిమిషాలు వెనక్కి నెట్టడం.

ఆ వీడియో కళాకృతిని రూపొందించింది స్నేహ, షికాగో శివారు నేపర్‌విల్‌లో పుట్టి పెరిగిన తెలుగమ్మాయి. ఖాళీ గదిలో వెనక గోడకు కెమెరా, ఎదుటి గోడ నిండా తెర. లోపలికొచ్చినవాళ్ళకు తాము కనపడరు. నాలుగు నిమిషాల కిందట అక్కడ నిలబడ్డవాళ్ళ వీపులు కనపడతాయి. ఓపిగ్గా నిలబడితే తమ వంతూ వస్తుంది.

“ఇందులో చూడ్డానికేముందమ్మా?” అని అడిగాను.

“వెయిట్ చేస్తే తెలుస్తది, అంకుల్.”

లైవ్‌లో తల నెరిసినవాడికి కొత్తగా తెలిసేదేముంటుందిలే అనుకున్నాను.

ప్రారంభం రోజు సాయంత్రం కేబుళ్ళు చివరిసారి సరిచూసి, కింద కంట్రోల్ రూమ్‌లో మానిటర్ ముందు కూర్చున్నాను. పైగదిలో ఎవరో ముసలాయన. నడుం వంగిపోయింది, నడినెత్తిన జుట్టు లేదు, చొక్కా సగం బయటికి వేలాడుతోంది. ప్రొజెక్టర్ వైర్లు కెలుకుతున్నాడు. వెంటనే వాకీటాకీలో సెక్యూరిటీకి చెప్పాను. ప్రదర్శనలోని వస్తువును ఎవరైనా ముట్టుకుంటే అతిథుల్ని ఆపాలన్నది నియమం. ఆపారు. క్యురేటర్, అంటే ప్రదర్శన బాధ్యతలు చూసే ఆవిడ, అందరితోపాటు గుమ్మం బయటే నిలబడిపోయింది.

“గదిలో ఎవరూ లేరు” అన్నాడు లోపలికెళ్ళి వెతికిన గార్డు, వాకీటాకీలో.

“నాకు కనిపిస్తూనే ఉన్నాడు, సరిగ్గా చూడు” అన్నాను. ఆ గార్డు నా మానిటర్‌లో ఎందుకు కనిపించడం లేదో మాత్రం తట్టలేదు.

ఈ హడావిడికి స్నేహ కిందికి పరిగెత్తుకొచ్చి, మానిటర్ చూసి, నా వైపు తిరిగింది.

“అంకుల్, అది మీరే కదా, నాలుగు నిమిషాల కిందట.”

నేను ఒప్పుకోలేదు. నా నడుం అంత వంగలేదని వాదించాను. ఇంతలో తెర మీది ముసలాయన కెమెరా వైపు తిరిగాడు. వాదన అక్కడితో సరి.

తలుపులు తెరిచారు. లోపలికి వెళ్ళిన అతిథులకు తెర మీద కనిపించింది, ఖాళీ గదిలో ఎవరి కోసమో మూలమూలా వెతుకుతున్న గార్డు. అదీ కళలో భాగమేననుకుని చప్పట్లు కొట్టారు. క్యురేటర్ నన్ను ఏమీ అనలేదు. సంఘటన నివేదిక మాత్రం రాయించుకుంది. అందులో ‘అనుమానిత వ్యక్తి’ అన్నచోట నా పేరే రాసుకున్నాను.

రిటైరయ్యేదాకా కొత్తగా చేరినవాళ్ళకు ఈ ఒక్క సంగతి నేర్పాను: తెర మీద మనిషి కనిపిస్తే ఎవరని అడిగే ముందు, ఎప్పటివాడని అడగాలి.