చాప మీద చదివే పత్రిక

ఇవాళ పొద్దున్న పప్పులోకి తాలింపు వేస్తుంటే ఫోను టింగుమంది. ఏమిటా అని చూద్దును కదా, ఊళ్లో మా చర్చి సంఘం వాళ్లు పాత పత్రికను మళ్లీ మొదలుపెట్టారట, రంగురంగుల బొమ్మలతో పీడీఎఫ్ చేసి అందరికీ పంపారు. కింద వరసగా చేతులు జోడించిన బొమ్మలే బొమ్మలు. ఒక్కరైనా తెరిచి చదివారో లేదో ఆ దేవుడికే ఎరుక. నాకు మాత్రం మా పెదనాన్నగారు గుర్తొచ్చారు, ఇటు తాలింపు మాడిపోయింది.

నా ఈడు వాళ్లకు చెప్పక్కర్లేదు, మా తాతగారి కాలంలో మా పల్లెల్లో చర్చిలో కూడా ఊళ్లోవాళ్లు ఒకవైపు, ఊరి బయటి పేటవాళ్లు ఇంకోవైపు కూర్చునేవారు. ప్రభువు బల్ల దగ్గర ద్రాక్షరసం గిన్నె కూడా ముందు వాళ్లకు, ఆ తర్వాత వీళ్లకు. దేవుడొక్కడే అంటూ ఈ సంబడం ఏమిటని తాతగారూ మరికొందరూ కలిసి ఒక ఉద్యమం లేవదీశారు, దానికోసం ఒక మాసపత్రిక పెట్టారు. ఆ పత్రికకు ఒక వింత నియమం ఉండేది. సంఘానికి ఒక్కటే ప్రతి. ఆదివారం ఆరాధన అయ్యాక అందరూ ఒకే చాప మీద కూర్చోవాలి, వంతు వచ్చినవాళ్లు పైకి చదవాలి, తక్కినవాళ్లు వినాలి. ఇంటికి పట్టుకుపోయి ఒక్కళ్లమే చదువుకుంటామంటే కుదరదు. తాతగారి తర్వాత సంపాదకుడైన పెదనాన్నగారు దీన్ని ఇంకా బిగించారు. అచ్చులో రాబోయే సంగతి ఇంట్లోవాళ్లకైనా సరే ముందు చెప్పేవారు కాదు. చిన్నప్పుడు మేం ఎంత బతిమాలినా, "చాప మీద వినండే" అని కసిరేవారు. మొండిఘటం, అంతే.

రెండువేల ఇరవైలో, పెద్దమ్మ పోయిన దిగులు కాస్త తగ్గుతుందని మేం బలవంతపెడితే, ఆయన విజిట్ వీసా మీద దుబాయ్ వచ్చారు. వచ్చిన కొన్నాళ్లకే విమానాలు ఆగిపోయాయి. అప్పటికి ఆయన పత్రిక చరిత్ర రాస్తున్నారు, నెలకో భాగం చొప్పున. తొలినాటి సంచికలన్నీ ఎప్పుడో ఉప్పెనలో కొట్టుకుపోయాయి. తాతగారి నోట ఆ కథలు విన్నవాళ్లలో మిగిలింది ఈయనొక్కరే. అల్ కుసైస్‌లో మా ఫ్లాటు బాల్కనీలో కూర్చుని రాసుకుంటూ, ఊళ్లో ప్రెస్సు ఎప్పుడు తెరుస్తారే అని గంటకోసారి నన్నడిగేవారు. కిందికి వెళ్లి కూరగాయలు తెచ్చుకోవడానికే భయపడి చస్తున్న రోజులు.

జెబెల్ అలీ గోడౌన్‌లో పనిచేసే మా ఆయన ఒక ఉపాయం చెప్పారు.

"మీ గొంతు రికార్డు చేసి వాట్సాప్‌లో పంపేద్దాం మామయ్యగారూ, ఖలాస్."

"ఎవరింట్లో వాళ్లు వింటే అది కబురవుతుందయ్యా, పత్రిక కాదు" అని ఆయన మూతి ముడుచుకున్నారు.

తర్వాత జ్వరం వచ్చింది. తెల్లటి ముసుగుల వాళ్లు వచ్చి ఆయన్ను కుర్చీలో కూర్చోబెట్టి తీసుకుపోతుంటే, రాసిన కాగితాల సంచీ ఒళ్లో పెట్టుకుని, నాకు చెయ్యూపారు. లిఫ్టు తలుపు మూసుకుంది. వెంట వెళ్లనివ్వలేదు. కాచిన జావ కూడా లోపలికి పోనివ్వలేదు. చేతులు కట్టేసి కూర్చోబెట్టినట్టుండేది. దేవుడికి దండం పెట్టుకున్నాను, ఆ దేవుణ్ణే తిట్టుకున్నాను, ఏదీ పనిచేయలేదు. ఆసుపత్రి నుంచి రోజూ వచ్చే ఆయన ఫోను ఒకరోజు రాలేదు. జెబెల్ అలీ శ్మశానంలో మా ఆయన ఒక్కరే దూరంగా నిలబడి మట్టి వేసి వచ్చారు. ఆసుపత్రిలో కాగితాలు అడిగితే, అంటు కదా, పారేశాం, లేవన్నారు.

దారులు తెరిచాక ఒకతను మా ఇల్లు వెతుక్కుంటూ వచ్చాడు. మా దగ్గర్లోని పనివాళ్ల క్యాంపులో ఉండే ఏసీ మెకానిక్కు, కడప వైపు సాయిబుగారబ్బాయి. ఆసుపత్రిలో పెదనాన్నగారి పక్క మంచం అతనిదేనట, రోజూ నాకు ఫోను కలిపిపెట్టిందీ అతనేనట. సోఫా అంచున కూర్చుని, టీ చల్లారిపోతున్నా పట్టించుకోకుండా చెప్పాడు.

"పెద్దాయన ఆ కాగితాలు నాకు సదివి వినిపిచ్చినాడమ్మా. నేను తురకోన్ని, నాకెందుకు సామీ అంటే, పక్కన మనిషుంటే సదవాల్సిందే అన్యాడు."

పెదనాన్నగారు చదివింది మొట్టమొదటి చాప కథ. తాతగారు చర్చిలో చాప పరిచి అందరినీ పిలిచిన రోజున పేటవాళ్లు వచ్చి కూర్చోగానే ఊళ్లోవాళ్లు విసురుగా లేచి వెళ్లిపోయారట. తాతగారు కదల్లేదట. మళ్లీ ఆదివారం గంట కొట్టి, అదే చాప పరిచి, గుమ్మం వైపు చూస్తూ కూర్చున్నారట.

"ఆడికి ఆపేసినాడమ్మా. మిగతాది రాసినాక సదువుతా అన్యాడు. లేచిపోయినోళ్లు మళ్లా వచ్చి కూసున్యారా, లేదా?"

నాకు తెలియదు. ఆ వారమంతా ఊళ్లో అన్నయ్యలకు, వదినలకు, ముసలి పాస్టరుగారికి కూడా ఫోన్లు చేశాను. ఎవరికీ తెలియదు. అందరికీ ఒక్కటే మాట, పెదనాన్నకు తెలుసుండాలి అని. నియమం పాడుగాను, ఒక్క ముక్క నా చెవిన వేసి పోకూడదా ఆ మనిషి!

ఇప్పుడు చర్చిలో ఎవరు ఎక్కడ కూర్చోవాలన్న తగవే లేదు. చల్లటి హాల్లో ఎవరి కుర్చీ వాళ్లది, ఎవరి ఫోను వాళ్లది. మంచిదే, కాదనను. కానీ పక్కనున్న మనిషి కోసం గొంతెత్తి చదివేవాళ్లను మాత్రం నేను మళ్లీ చూడలేదు. ఆ కడప అబ్బాయి ఉద్యోగం మానేసి ఊరెళ్లిపోయాడు. ఏ పండగకో ఫోను చేస్తాడు, నా మోకాళ్ల గురించి అడుగుతాడు, పెట్టేసే ముందు, "ఏమన్నా తెలిసిందామ్మా?" అంటాడు. ఇంకా లేదు నాయనా అంటాను, ఎవరో కనుక్కుని చెబుతామని నాకు మాటిచ్చినట్టు.