సాంచాలు ఆపించిన సంత్రా బ్రెడ్

నిన్న పొద్దున రాజేశం బావ ఫోన్ చేశాడు. ఎదురిల్లే. అయినా ఫోన్ చేశాడు.

"సుగుణ లేస్తలేదు. జర రా" అన్నాడు.

చేతికి చపాతీ పిండి ఉంది. అలాగే పరుగెత్తాను.

సుగుణక్క పడుకున్నట్టే ఉంది. నిద్రలోనే గుండె ఆగిపోయిందని డాక్టర్ చెప్పాడు. మొన్న సాయంత్రం గేటు దగ్గర నిలబడి నాతో నవ్వుతూ మాట్లాడిన మనిషి. ఇది రాస్తున్నప్పుడు కూడా నమ్మబుద్ధి కావడం లేదు.

వార్త తెలిసి మా కనేరి గల్లీలో బట్ట నేసే సాంచాలన్నీ ఒక్కొక్కటే ఆపేశారు. పండుగ నాడు కూడా ఇక్కడ ఇంత నిశ్శబ్దం ఉండదు.

ఆ నిశ్శబ్దంలో వంటింట్లోంచి...

బీప్. బీప్. బీప్.

ఏడుస్తున్న వాళ్లమంతా ఉలిక్కిపడ్డాం.

అక్క బ్రెడ్ మెషీన్! రాత్రి పడుకునే ముందు పిండి వేసి టైమర్ పెట్టిందట. దాని పని అది చేసేసింది. ఇల్లంతా సంత్రా, అదే కమలాపండు వాసన.

బావ వాళ్ల అమ్మ రాజవ్వ కొంగుతో కళ్లు తుడుచుకుంది. "చావింట్ల తిండి ఉంచొద్దు. బువ్వ, కూర, గా రొట్టె, అన్ని పారెయ్యుండ్రి" అంది.

మావాళ్ల ఆచారం అదే. అన్నం గిన్నె బయటికి పోయింది. బిందెలో నీళ్లు పారబోశారు. నేను వెళ్లి మెషీన్ మూత తీశాను.

బావ వంటింటి గుమ్మంలోకి వచ్చి నిలబడ్డాడు.

"గది ఉండనీ" అన్నాడు, బ్రెడ్ చూపిస్తూ.

ఆ బ్రెడ్ సంగతి తెలియని వాళ్లకు చెప్పాలి.

బావకు షుగర్. పొద్దున్నే చాయ్‌లో పావ్ బన్ను ముంచుకోకపోతే ఆయనకు తెల్లవారదు. డాక్టర్ మైదా మానెయ్యమన్నాడు. బావ ముఖం చూడలేక వాళ్లమ్మాయి ఈ మెషీన్ కొనిచ్చింది. అక్క గోధుమ ఆటా, జొన్నపిండి కలిపి మొదలుపెట్టింది.

మొదటి బ్రెడ్ అచ్చం ఇటుక. బావ దాన్ని తీసుకెళ్లి తన సాంచాల కార్ఖానా తలుపు మూసుకోకుండా అడ్డం పెట్టాడు. అక్క అలిగిందా? లేదు. "పోనీ, తలుపుకన్న పనికొచ్చింది" అని నవ్వింది.

నేను కొలత మనిషిని. కప్పులు పట్టుకెళ్లి ఆటా ఇంత, నీళ్లు ఇంత అని చూపించేదాన్ని. అక్క నా కప్పులు పక్కన పెట్టి, ముద్దను వేలితో నొక్కి చూసి ఇంకాసిన్ని నీళ్లు పోసేది. కొద్దిరోజులకు బ్రెడ్ మెత్తబడింది. అయినా బావకు నచ్చలేదు.

"వాసన మంచిగుంటె తింటడే" అని సంత్రా తొక్క తురిమి వేయడం మొదలుపెట్టింది. కొంచెం రసం కూడా.

అసలు తమాషా ఇక్కడే. తొక్క ఎప్పుడు వేయాలో ఆ మెషీన్ బీప్ కొట్టి చెబుతుంది. వంటింటి గోడ అవతలే బావ కార్ఖానా. సాంచాలు నడుస్తుంటే పక్కనున్న మనిషి అరిచినా వినపడదు, ఇక బీప్ ఎక్కడ! టైమ్ దాటిపోయాక వేస్తే తొక్కంతా పైనే మాడిపోయేది.

ఒకరోజు అక్క కార్ఖానా తలుపులో నిలబడి రెండు చేతులూ ఎత్తి ఊపింది. ఆ చప్పుడులో మావాళ్లు చేతులతోనే మాట్లాడుకుంటారు. ఆ సైగ చేస్తే అన్నీ ఆపెయ్యమని. ఎవరికో దెబ్బ తగిలిందనుకుని బావ మెయిన్ స్విచ్ తీసేసి పరుగెత్తుకొచ్చాడు.

"ఏమైందే?"

"ఏం కాలే. నా మెషీన్ మాట్లాడుతది, జర ఇననియ్యి."

"గా రొట్టె కోసం సాంచాలు బంద్ వెట్టిస్తవా? శేట్ నువ్వా, నేనా?"

"శేట్ నువ్వే. తినెటోనివి గూడ నువ్వే. ఊకో!"

పనివాళ్లు పడీపడీ నవ్వారు. అంతలో బీప్ వినపడింది. అక్క ఒకటే పరుగు.

తర్వాత బ్రెడ్ చేసే రోజుల్లో బావే ఆ టైమ్‌కి సాంచాలు ఆపి అందరికీ చాయ్ చెప్పేవాడు. ఎందుకని అడిగితే "సాంచాలకు గూడ ఆరాం కావాలె" అనేవాడు. అక్క టైమర్ నేర్చుకుని, తొక్క ముందే కలిపేయడం మొదలుపెట్టాక కూడా ఆ చాయ్ ఆగలేదు.

అలాంటి బావ నిన్న గుమ్మంలో నిలబడ్డాడు. అక్క చేత్తో కలిపిన ఆఖరి బ్రెడ్ నా చేతిలో ఉంది. ఇంకా వేడిగా ఉంది. ఆచారం కాదని ఇవ్వలేను. పారేయడానికి చెయ్యి రాదు.

"అవ్వా, గది నా కోసం చేసింది. పారెయ్యకుండ్రి" అన్నాడు.

రాజవ్వ నా చేతిలోని బ్రెడ్ వైపు చూసింది. తర్వాత నన్ను అడిగింది.

"పిండి ఎప్పుడు కలిపిందే?"

"రాత్రి పండేముందు, అవ్వా."

"అంటే పాణముండంగ ఎక్కిచ్చిన పనే." కొడుకు వైపు తిరిగింది. "మీ నాయిన పోయిననాడు సాంచ మీద సగం నేసిన బట్ట తాను ఉండె. కోసి పారేసినమా? నువ్వే నిలవడి నేసి దించినవు. గిది గూడ గంతే. ఉంచుండ్రి."

నేను బ్రెడ్‌ను గుడ్డలో చుట్టి పక్కన పెట్టాను.

దహనమైంది. స్నానాలయ్యాయి. మా ఇంటి నుంచి చాయ్ తీసుకెళ్లి, బ్రెడ్ కోసి అందరికీ ఇచ్చాను. ఇన్నాళ్లూ దాన్ని ముట్టని రాజవ్వ కూడా ఒక ముక్క తీసుకుంది.

"ఇంత కమ్మగుంటదని నాకెవలు చెప్పకపోతిరి!"

"రోజు గా వాసనే చెప్పింది గదా అవ్వా, నువ్వే ముక్కు మూసుకున్నవు" అన్నాను.

ముందు రాజవ్వే నవ్వింది. తర్వాత ఎవరమూ ఆపుకోలేకపోయాం. అక్కను పంపి వచ్చిన ఇంట్లో నవ్వాం. తప్పనిపించలేదు.

బావ ఇంకో ముక్క చాయ్‌లో ముంచుకుంటూ మెల్లగా అన్నాడు.

"ఇయ్యాల మంచిగ పొంగింది."

పోయిరా, సుగుణక్కా. ఎక్కడున్నా నీ ప్రాణం నిమ్మళంగా ఉండాలి.