మగ్గాల నూగు మంచులో మా ఇంటి కాళిక

ముందే ఒప్పుకుంటున్నాను: చీమ కనబడితే దానికి తొండం తగిలించి ఏనుగని చెప్పే అలవాటు నాది. కాబట్టి దీన్ని సగానికి తగ్గించి చదువుకోండి.

సూరత్‌లో చలికాలమంటే ఫ్యాను రెండో నంబరు మీద తిరగడం. అలాంటి ఊళ్లో, కాలేజీకి వెళ్లే మా అమ్మాయి ఫోను నిండా మంచే. ఆ మంచులో నల్లబట్టలు కట్టి జుట్టు విరబోసుకున్న దేవతలు, వాళ్ల వెనక పొడుగు కోట్ల ప్రేమికులు. తనూ అలాంటి రీలు తీస్తానని తల్లిని కాళికను చేసింది. ప్రేమికుడి వేషం నాకు దక్కింది. ఇంట్లో వేరే మగవాడు లేడు మరి.

శుభం కాదని పెళ్లయినప్పటి నుంచీ మా ఆవిడ నల్లచీర ముట్టలేదు. ఆ రోజు కట్టింది. రూపాయి కాసంత బొట్టు, మోకాళ్ల దాకా జుట్టు. మోకాళ్లంటే నడుమనుకోండి. మంచు కోసం, ఊరి బయట పల్సానాలో నేను పనిచేసే బట్టల మిల్లు నుంచి, మగ్గాల కింద ఊడ్చిన దూదిలాంటి నూగు బస్తాడు మోసుకొచ్చాను. మిట్టమధ్యాహ్నం మేడ మీద, కోటులో నేను కుడుములా ఉడుకుతుంటే అమ్మాయి ఆ నూగు చల్లింది. హిమాలయాలు సిగ్గుపడ్డాయి. నేను పదిహేడు సార్లు తుమ్మాను.

"పప్పా, మమ్మీ కళ్లల్లోకి చూడు. సిర్ఫ్ దస్ సెకండ్, బస్!"

చూశాను. మూడో సెకనుకే చూపు కొంగు మీదికి జారింది. గుడ్డలో తప్పులు పట్టడమే మిల్లులో నా ఉద్యోగం.

"గిదేంది, ఈడ పోగు తప్పింది! దుకాణపోడు సెకండ్ మాల్ అంటగట్టిండు నీకు," అన్నాను.

కాళిక లేచి నిలబడింది. "సూసినవా బిడ్డా? పాతికేండ్ల సంది గిట్లనే. గుడ్డను సూస్తడు, కట్టుకున్న మనిషిని సూడడు. ఈయన కోసం నల్లచీర గట్టిన సూడు, నాది తప్పు."

"మమ్మీ, జర రుక్ నా!"

ఆగలేదు. విసవిసా మెట్లు దిగిపోయింది.

అమ్మాయి ఆ కోపాన్నే రీలుగా పెట్టింది. చూసినవాళ్లంతా 'ఏం దేవత!' అని నోరు తెరిచారు. అందులో నాది మోచెయ్యి ఒక్కటి మిగిలింది.

వారం నుంచి నా కంచంలో అన్నం చల్లగా పడుతోంది. సూరత్‌లో శీతాకాలం నాకు తెలిసింది ఇప్పుడే.

ఇక నేను కల్పించిందేదో చెప్పాలి. బస్తా నిజం, తుమ్ములు పదిహేడూ నిజం. పోగు తప్పిందని ఆ రోజు నేనన్నదే అబద్ధం. ఆ చీరలో భూతద్దం పెట్టి వెతికినా తప్పు దొరకదు. మూడో సెకనుకు, ఈ వయసులో, నాకు సిగ్గేసింది. అంత బాగుంది ఆమె. ఆ మాట నోటితో అనలేక ఇలా రాశాను. ఆదివారం ఆమెకు చదివి వినిపిస్తాను, కొంగు వైపు చూడకుండా.