మేడమ్ గొంతు

చిలకకు ఆ పేరు పెట్టింది వదినే. టీవీలో వాళ్లిద్దరూ వదినా ఆడపడుచులుగా వేసిన హాస్య కార్యక్రమం ఏళ్ల తరబడి నడిచింది. రాసేదీ వాళ్లే, వేసేదీ వాళ్లే. వదిన మాట అందిస్తే చిలక దానికి గొంతు తొడిగేది. పాలవాడు, పక్కింటావిడ, దగ్గుతూ మాట్లాడే ముసలాయన, ఎవరైనా సరే, ఒక్కసారి వింటే చాలు, అచ్చు గుద్దినట్టు దింపేసేది. కెమెరా ఆగాక కూడా అందరూ ఆమెను చిలకనీ, ఈమెను వదిననీ పిలిచేవారు. ఆ గొంతే ఒకనాటికి కొంప ముంచుతుందని ఎవరికి తెలుసు!

ఒకరోజు క్యాంటీన్‌లో చిలక సరదాకి ఛానల్ యజమానురాలిలా మాట్లాడింది. చెడు కబురు చెప్పేముందు మేడమ్ చిన్నగా గొంతు సవరించుకునే అలవాటును కూడా వదల్లేదు. కడుపుబ్బ నవ్వుతున్నవాళ్లు ఉన్నట్టుండి ఆగిపోయారు. వెనకాలే మేడమ్ నిలబడి ఉంది.

"బాగుంది. పైకి రా," అంది.

గది తలుపు మూసి, తన గొంతును మళ్లీ చేయించుకుని వింది. నవ్వింది కూడా.

"కొంతమందిని పంపించెయ్యాలి. నేనే ఫోన్ చేసి చెప్తే వాళ్లకి గౌరవంగా ఉంటుంది. నాకా తీరిక లేదు. నువ్వు చెయ్యి."

"నేనా మేడమ్?"

"నువ్వు కాదు. నేను."

మేడమ్ గొంతు సవరించుకుంది. ఆపైన ఏమీ అనలేదు. అనాల్సిన అవసరమూ లేకపోయింది.

అలా మేడమ్ గదిలో, మేడమ్ ఫోన్‌లో, చిలక మొదట మేకప్ ఆవిడను ఇంటికి పంపింది. తరువాత లైట్లు చూసే పెద్దాయనను పంపింది. అందరూ "అలాగే మేడమ్" అన్నవాళ్లే. ఒక్కరూ కనిపెట్టలేదు. సెట్లో మనుషులు పలచబడుతూ వచ్చారు.

"ఈసారి ఎవరికి మూడిందోనే," అని వదిన బెదురుగా అంటే, చిలక మొహం తిప్పుకుని జుట్టు సర్దుకునేది. పాడు బతుకు! ఎదిరించే ధైర్యం లేదు, మానేసే ధైర్యం అంతకన్నా లేదు.

ఒక మధ్యాహ్నం మేడమ్ ఫోన్ చేతికిచ్చి, "వదిన," అంది.

"మేడమ్, మేమిద్దరం జంట..."

"జంట పాతబడింది."

చిలకకు ఒక్కటే ఆశ మిగిలింది. ఇన్నేళ్లు పక్కన కూర్చుని రాసిన మనిషి, ఎవరి గొంతులో దాక్కున్నా తనను పోల్చుకుంటుంది. పోల్చుకుని చెడామడా తిట్టిపోస్తే బాగుండుననుకుంది. గొంతు సవరించుకుని, చెప్పాల్సింది చెప్పేసింది.



"అలాగే మేడమ్," అంది వదిన. "ఒక్క మాట. మా చిలకకి ఇప్పుడే చెప్పకండి. సాయంత్రం రికార్డింగ్ ఉంది కదా. అది పిచ్చిది, నేను పోతున్నానని తెలిస్తే దాని నోట మాట రాదు. దాన్ని మాత్రం ఉంచుకోండి మేడమ్."

చిలక కళ్ల వెంట నీళ్లు కారుతున్నాయి. ఎదురుగా మేడమ్ కన్నార్పకుండా చూస్తోంది.

"చెప్పనులే," అంది చిలక. ఆ గొంతు ఒక్కచోట కూడా తడబడలేదు.